వేడినీళ్ళ ఐస్

ఎడిసన్, న్యూజెర్సీ
4 నవంబర్ 1979

ఉషకి,

మేము కులాసా. మీరూ అంతేనని తలుస్తాను.

మీ అన్నయ్య మీ ఇంటికి చేరానని ఫోన్ చేశారు. ఎలా ఉందండీ అంటే "బాగానే ఉంది" అన్నారు. అంతకంటే పెద్ద వాక్యం ఆయనకి రాదని నీకూ తెలుసు. కంపెనీ వాళ్ళు లేక్ ప్లాసిడ్‌లో ఒలింపిక్స్ అయ్యేదాకా, అంటే ఫిబ్రవరి ఆఖరిదాకా, స్కేటింగ్ రింక్ దగ్గరే ఉండమన్నారు. కాంక్రీటు కింద గొట్టాలు, కంప్రెసర్లు, అవన్నీ ఆయన చూసుకోవాలిట. మోటెల్లో గది ఇస్తామన్నారు కానీ నేనే వద్దన్నాను. పక్క ఊళ్ళో నా మేనమామ కూతురు ఉండగా మోటెలేమిటి?

ఆయన ఏదీ నోరు తెరిచి అడగరు. నువ్వే కనిపెట్టి వడ్డించాలి. రాత్రిపూట గడ్డపెరుగు వెయ్యకు, ఆయాసం వస్తుంది. పల్చటి మజ్జిగ చాలు. కాఫీ పొద్దున ఒకటి, సాయంత్రం ఒకటి. బయటికి వెళ్ళేటప్పుడు ఎర్ర మఫ్లర్ చుట్టుకోమని గుర్తు చెయ్యి. అది నేను అల్లింది. చివర్న ఎర్ర ఉన్ని చాలక పచ్చటిది కలిపాను, గుర్తు పడతావు.

సున్నుండలు పెట్టి పంపిన స్టీలు డబ్బా మీద నా పేరు చెక్కించి ఉంది. ఖాళీ అయ్యాక మర్చిపోకుండా పంపు.

మీ ఆయన భాస్కర్ అన్నయ్యగారిని అడిగానని చెప్పు.

విశాలాక్షి


శారనాక్ లేక్, న్యూయార్క్
18 నవంబర్ 1979

విశాల వదినకి,

నీ ఉత్తరం చదివి ఆశ్చర్యపోయాను. మనిద్దరం ఒకే మనిషి గురించి రాసుకుంటున్నామా?

అన్నయ్య మాట్లాడకపోవడమేమిటి వదినా! మొన్న భోజనాల దగ్గర ఊరికే అడిగాను, "అంత పెద్ద రింకుకి ఐస్ ఎలా వేస్తారన్నయ్యా, ఒకేసారి నీళ్ళు నింపేస్తారా?" అని.

"అమ్మో, అలా నింపితే ఇడ్లీ అవుతుంది ఉషా. మనక్కావలసింది దోసె. పల్చగా ఒక పూత, అది గడ్డకట్టాక ఇంకో పూత. అదీ వేడినీళ్ళతో."

"వేడినీళ్ళా! ఐస్‌కి వేడినీళ్ళేమిటి?"

ఇంక చూసుకో. వేడినీళ్ళలో గాలి తక్కువట, కింది పొరని కాస్త కరిగించి దానితో అతుక్కుపోతాయట. పప్పు గిన్నె ఒక రింకు, గరిట ఒక గొట్టం. కూరలన్నీ చల్లారిపోయాయి. అక్కణ్ణించి కాకినాడలో తను మొదట పనిచేసిన ఐస్ ఫ్యాక్టరీలోకి వెళ్ళారు. ఒక దిమ్మ చేతుల్లోంచి జారి, రోడ్డుకి అడ్డంపడి, తహసీల్దారుగారి జీపు కిందికి దూరిందట. ఆయన దిగి, "ఇది ఎవరి తాలూకు?" అన్నాడట. చెబుతూ చెబుతూ అన్నయ్య నవ్వారు చూడు, కళ్ళమ్మట నీళ్ళు! నాకు పొలమారింది.

పెరుగు ఆయనే అడిగి వేయించుకుంటున్నారు. ఆయాసం ఏమీ లేదు.

మా ఈయన డాక్టరీ సంగతి మామూలే. హాస్పిటల్, పేజర్, హాస్పిటల్.

ఉష


ఎడిసన్
2 డిసెంబర్ 1979

ఉషకి,

నీ ఉత్తరం అందింది. మీనాకి కూడా చదివి వినిపించాను. "నాన్న జోక్ చెప్పాడా? ఆర్ యూ ష్యూర్, అది మన నాన్నేనా అమ్మా?" అంది. పన్నెండేళ్ళ పిల్ల, నమ్మక ఆ ముక్క మళ్ళీ చదివించుకుంది.

పెళ్ళయిన ఈ పదహారేళ్ళలో ఆ ఐస్ ఫ్యాక్టరీ గురించి ఆయన నాకు చెప్పింది "కాకినాడలో చేశాను" అన్న ముక్క ఒక్కటే. జీపు సంగతి నాకు తెలియదు. తహసీల్దారు సంగతీ తెలియదు. కిందటి ఆదివారం ఫోన్‌లో అడిగాను. ఆదివారం కాల్‌కి నేను వారమంతా గుర్తు పెట్టుకుని వరసగా అడుగుతాను కదా, మందు వేసుకున్నారా, సాక్స్ సరిపోయాయా, కారుకి ఇన్స్పెక్షన్ ఎప్పుడు అని. అన్నిటికీ "సరే", "ఆఁ", "అయింది". ఆఖర్న, "జీపు కథేమిటండీ, ఉష రాసింది" అన్నాను.

"అదా… ఏదోలే" అన్నారు.

నీకేమో దిమ్మంతా. నాకేమో "ఏదోలే".

పోనీలే, నవ్వితే మంచిదే. ఆరోగ్యం. కానీ భోజనాల దగ్గర ఆయన్ని ఎక్కువసేపు కూర్చోబెట్టకు, నడుంనొప్పి మనిషి. పెరుగు విషయం నేను ఊరికే రాయలేదు. ఆయాసం చలి ముదిరాక వస్తుంది. అప్పుడు లేచి వేన్నీళ్ళు కాచేది మాత్రం నేను అక్కడ ఉండను.

డబ్బా ఇంకా రాలేదు.

విశాలాక్షి


శారనాక్ లేక్
13 జనవరి 1980

వదినకి,

డబ్బా నిన్న పోస్టులో వేశాను. ఖాళీగా పంపకూడదని జంతికలు పెట్టాను. అన్నయ్యకి బాగా నచ్చాయవి.

ఈ శనివారం రింకు దగ్గరికి తీసుకెళ్ళారు, ప్రాక్టీసు చూడ్డానికి. వదినా, నేను పరుగుపందెంలాగా అందరూ ఒక్కసారే బయల్దేరతారనుకున్నాను. కాదు. ఇద్దరిద్దరే. ఒకడు లోపలి గీతలో, ఒకడు బయటి గీతలో. నడుం వంచి, ఒక చెయ్యి వీపు మీద పెట్టుకుని, పెద్ద ఆలోచనలో ఉన్న హెడ్‌మాస్టర్లలా పోతుంటారు. అన్నిటికన్నా దూరం రేసు పది కిలోమీటర్లు, ఇరవై అయిదు చుట్లు. మన ప్రదక్షిణానికి ఎదురువైపు తిరుగుతారు. చూడగానే నాకు అపచారంలా అనిపించి లెంపలు వేసుకోబోయాను. అన్నయ్య ఒకటే నవ్వు.

బయటి గీత పొడుగు కదా, అది అన్యాయం కాదా అని అడిగాను. అందుకని చుట్టుకోసారి గీతలు మార్చుకుంటారట. అవతలి పక్క తిన్నటి దారిలో ఇద్దరూ ఒకరి గీతలోకి ఒకరు దాటాలి. ఇద్దరూ ఒకేసారి అక్కడికొస్తే బయటినుంచి వచ్చేవాడిదే దారి. లోపలివాడు ఆగి ఇవ్వాలి. ఇవ్వకపోతే పందెంలోంచి తీసేస్తారు. ఇంకో తమాషా ఏమిటంటే, ముందు జోడీలో పరిగెత్తినవాడు మొదటి స్థానంలో ఉన్నా వాడికి సుఖం లేదు. బెంచీ మీద కూర్చుని, తర్వాతవాళ్ళందరి టైములూ బోర్డు మీద చూస్తూ, తన పేరు ఎప్పుడు కిందికి దిగుతుందా అని కాచుకోవాలి. పాపం అనిపించింది.

చలికి నా దవడలు కొట్టుకుంటుంటే అన్నయ్య తన మఫ్లర్ తీసి ఇచ్చారు. ఎంత వెచ్చగా అల్లావు వదినా!

అసలు సంగతి. ఫిబ్రవరి 23న జరిగే ఆ పది కిలోమీటర్ల రేసుకి రింకు పనివాళ్ళకి ఒక్కొక్క ఫ్యామిలీ పాస్ ఇస్తారట. ఒకటే. టికెట్లు బయట దొరికే మాట లేదు. ఆ రోజు ఈయనకి ఎలాగూ తీరదు కనుక నేను ఒక్కదాన్నే వెళ్ళివద్దామనుకుంటున్నాను. ఇన్నాళ్ళూ ఆ ఐస్ కథ విన్నాక దాని మీద రేసు చూడకపోతే ఎలా?

ఉష


ఎడిసన్
20 జనవరి 1980

ఉషకి,

జంతికలు అందాయి. ఉప్పు కొంచెం ఎక్కువైంది. ఆయనకి నచ్చాయన్నావు కాబట్టి ఇంట్లో కూడా ఇకనుంచి అలాగే వేస్తాను.

పాస్ మీద ఫ్యామిలీ అని రాసి ఉంటుందని నువ్వే రాశావు. ఆయన ఫ్యామిలీ ఎవరో కంపెనీ కాగితాల్లో ఉంది. నేను వద్దామనుకుంటున్నాను. మీనాని ఆ రెండు రోజులూ ఎదురింటి రేణు వాళ్ళింట్లో ఉంచుతాను. నాకు స్కేటింగ్ తెలియదు, నిజమే. మూడు నెలల కిందట నీకూ తెలియదు.

నువ్వు రాసిన బెంచీ మీద మనిషిని గురించి ఆలోచించాను. నువ్వు పాపమన్నావు. నాకు వాడెవడో బాగా తెలిసినవాడిలా అనిపించాడు.

మఫ్లర్ వెచ్చగా ఉందన్నావు. సంతోషం. అది ఆయన మెడ కొలతకి అల్లినది. నీకు కావాలంటే వేరే అల్లి పంపుతాను. ఏ రంగు కావాలో రాయి.

విశాలాక్షి


శారనాక్ లేక్
29 జనవరి 1980

విశాలాక్షి వదినకి,

పాస్ నీదే. నేను ఆశపడటం పొరపాటు. ఇవాళే అన్నయ్యతో చెప్పేశాను, "వదినకే ఇవ్వండి, నాకు వద్దు" అని. ఎందుకని ఆయన అడగలేదు. రేపటినుంచి ఆట ముగిసేదాకా పనివాళ్ళందరూ లేక్ ప్లాసిడ్‌లోనే ఉండాలట, సామాను సర్దుకుని వెళ్ళిపోయారు.

ఇంత రాశాక ఇంకొక్క మాట కూడా రాసేస్తాను. ఏమీ అనుకోకు, అనుకున్నా సరే. నీకేం వదినా, సాయంత్రం ఆరయ్యేసరికి మీ ఇంటి ముందు కారు ఆగుతుంది. మాట్లాడితేనేం, మాట్లాడకపోతేనేం, ఎదురుగా కూర్చుని తినే మనిషి ఉన్నాడు. ఈ ఊళ్ళో తొమ్మిదేళ్ళుగా నేను ఎన్ని పూటలు ఒక్కదాన్నే తిన్నానో నువ్వు ఎప్పుడైనా అడిగావా? ఈయన వచ్చేసరికి అన్నం మీద మూత ఉంటుంది, మూత మీద చీటీ ఉంటుంది. మూడు నెలలు మా బల్ల దగ్గర రెండో కుర్చీ నిండింది. నేను వండినదాన్ని ఎవరో అడిగి మరీ వేయించుకున్నారు. అందులో నీ సొమ్ము ఏమైనా పోయిందంటే క్షమించు.

మఫ్లర్ నాకు అక్కర్లేదు.

ఉష


ఎడిసన్
18 ఫిబ్రవరి 1980

ఉషా,

నీ ఉత్తరానికి మూడు జవాబులు రాసి చింపేశాను. ఇది నాలుగోది. ఇందులో ఒకటే సంగతి. రేసుకి నువ్వే వెళ్ళు.

నిన్న ఫోన్‌లో ఆయనకి కూడా చెప్పాను, "నాకు వద్దండీ, ఉషకే ఇవ్వండి" అని. ఎప్పట్లాగే "సరే" అన్నారు. నీకూ ఫోనే చేద్దామని తీశాను. నువ్వు "అయ్యో, నువ్వే రా వదినా" అంటావు, నేను "కాదులే, నువ్వే వెళ్ళు" అంటాను, ఇద్దరం ఏడుస్తాం. పెట్టేశాను.

నాకు ఇప్పటికీ మనసు ఒప్పుకోవడం లేదు. అయినా వెళ్ళు. మఫ్లర్ కూడా చుట్టుకో, అక్కడ చలి ఎక్కువ.

విశాల


శారనాక్ లేక్
18 ఫిబ్రవరి 1980

వదినా,

కిందటి ఉత్తరంలో నోరు జారాను. మనసులో పెట్టుకోకు.

పై గది సర్ది ఉంచాను. హీటరు మంచం వైపు తిప్పి పెట్టాను. రేసుకి ముందురోజు, 22 శుక్రవారం సాయంత్రం బస్సుకి వస్తావు కదా, బస్టాండుకి నేనే వస్తాను. ఈ ఆటల రద్దీలో బస్సులకి వేళాపాళా లేదు, కాబట్టి ఎంతసేపైనా ఉంటాను, కంగారు పడకు. నీకిష్టమని గుత్తివంకాయ చేస్తున్నాను. వంకాయలు దొరకడం ఇక్కడ ఎంత కష్టమో నీకు తెలియదు.

నాకు రేసు టీవీలో కనిపిస్తుంది. చాలు.

ఉష


శారనాక్ లేక్
26 ఫిబ్రవరి 1980

వదినా,

"నువ్వే వెళ్ళు" అన్న నీ ఉత్తరం నిన్న, సోమవారం నాడు వచ్చింది. ఏం లాభం?

శుక్రవారం రెండు బస్సులు చూశాను. రెండోదాంట్లోంచి కూడా నువ్వు దిగలేదు. డ్రైవర్ని "చీర కట్టుకున్న ఒకావిడ…" అని అడిగాను. "మేడమ్, ఈ చలిలో చీరా?" అన్నాడు. నా మీద కోపంతో తిన్నగా లేక్ ప్లాసిడ్ వెళ్ళి దిగావనుకున్నాను. ఇంటికొచ్చి గుత్తివంకాయ గిన్నె చూస్తే ఏడుపొచ్చింది. అంత పౌరుషమా, మొహం కూడా చూపించకుండా పోయేంత అని. నీకు ఫోన్ చెయ్యకూడదని ఒట్టు పెట్టుకున్నాను.

శనివారం టీవీ ముందు కూర్చున్నాను, రేసు కోసం కాదు, నీ కోసం. మన అమెరికా కుర్రాడు, అంతకుముందే నాలుగు బంగారు పతకాలు గెలిచినవాడు, బంగారురంగు బట్టలేసుకుని చుట్టు తర్వాత చుట్టు గడియారంలా తిరుగుతున్నాడు. దేశమంతా వాణ్ణి చూస్తుంటే నేను వాడి వెనకాల జనంలో నిన్ను వెతుకుతున్నాను. అయిదో పతకం, ప్రపంచ రికార్డు, అందరూ లేచి నిలబడ్డారు. కెమెరా జనం మీదికి తిరిగింది. ఎర్ర మఫ్లర్! చివర పచ్చ! అదిగో వదిన అనుకున్నాను.

మఫ్లర్ పైన మీసం ఉంది.

ఈయన, వదినా! మా ఈయన! పొద్దున హాస్పిటల్‌కని వెళ్ళిన మనిషి, రెండు చేతులూ పైకెత్తి గంతులేస్తున్నాడు!

సాయంత్రం వచ్చాక నిలదీశాను.

"నేనేం చేశాను? బావగారు హాస్పిటల్‌కి ఫోన్ చేశారు. మీ ఆవిడా వద్దందీ, మా ఆవిడా వద్దందీ, పాస్ వృథా అవుతోంది, మీరైనా రండి బావగారూ అన్నారు. ఎవరికీ అక్కర్లేదంటే పోనీ కదా అని వెళ్ళాను."

"ఎవరికీ అక్కర్లేదా!"

"మీరే కదా అన్నారు?"

"అంటే మాత్రం?"

"అంటే మాత్రం ఏమిటి? నాకు అర్థం కాలేదు ఉషా." నిజంగానే ఆయనకి అర్థం కాలేదు. ఇద్దరు మగాళ్ళకీ కాలేదు. వద్దంటే వద్దనే అనుకునే జాతి.

అప్పుడు నాకు ఆ గీతలు మార్చుకునే చోటు గుర్తొచ్చింది. బయటివాడిదే దారి అని రూలు ఎందుకు పెట్టారో తెలిసింది. రూలు లేకపోతే ఇద్దరూ "తమరు, కాదు తమరు" అని ఆగిపోతారు, మూడోవాడు పతకం పట్టుకుపోతాడు.

నవ్వొస్తోంది కానీ, వదినా, నాకు రేసు పోయింది. అది మాత్రం నవ్వితే తీరేది కాదు.

ఇంకో సంగతి రాయాలా వద్దా అని ఆలోచించి రాస్తున్నాను. అన్నయ్య రేపటికి నీ దగ్గర ఉంటారు. మీ ఇంట్లో మాట్లాడకపోతే, "ఐస్‌కి వేడినీళ్ళెందుకండీ?" అని అడుగు. అడిగి ఊరుకో. మధ్యలో మందులూ సాక్సులూ అడక్కు. ఇది నేను నీకు ఇవ్వక్కర్లేదు. ఇస్తున్నాను.

ఉష


ఎడిసన్
23 మార్చి 1980

ఉషా,

ఇన్నాళ్ళూ రాయలేదంటే నువ్వు పంపిన ప్రశ్నని వాడకూడదనే పంతం ఒక కారణం. నా మొగుడితో ఏం మాట్లాడాలో నువ్వు చెప్పాలా అనుకున్నాను. ఆయన వచ్చారు, పెట్టె దించారు, "బాగానే జరిగింది" అన్నారు. మూడు వారాలు ఆ "బాగానే" మీదే గడిచింది.

నీకు తెలియదు కానీ ఆ రోజు నేనూ టీవీ ముందే ఉన్నాను. ఆ మఫ్లర్ నీ మెడలో ఉంటుందని కాచుకుని కూర్చున్నాను. నేనే చుట్టుకోమని రాశాను కదా, అయినా కనబడితే ఎలా ఓర్చుకోవాలా అని పళ్ళు బిగించుకున్నాను. మీసం చూశాక మీనా, నేను ఒకళ్ళ మీద ఒకళ్ళు పడి నవ్వాం. నవ్వు అయ్యాక పోస్టులో నీ ఉత్తరం వచ్చింది, బస్టాండులో ఎంతసేపైనా ఉంటానన్నది. ఇంక నవ్వలేకపోయాను. ఆ గుత్తివంకాయ నాకు బాకీ అనుకోకు. నేనే వచ్చి నీకు చేసి పెడతాను. వంకాయలు ఇక్కణ్ణించి తెస్తాను.

మొన్న శుక్రవారం భోజనాల దగ్గర ఎటూ తోచక అడిగేశాను. "ఐస్‌కి వేడినీళ్ళెందుకండీ?"

చెయ్యి కంచంలో అలాగే ఆగింది. నన్ను ఎగాదిగా చూశారు. "నీకెందుకు?" అన్నారు.

"ఊరికే."

ఉషా, సాంబారు చల్లారింది, అన్నం గట్టిపడింది, మీనా హోంవర్క్ ఉందని లేచిపోయింది. గొట్టాలు, ఉప్పునీళ్ళు, గాలి, పొరలు! నా పప్పు గిన్నె కూడా రింకు అయింది. మూడు నెలలు ఎలా భరించావే తల్లీ? రెండుసార్లు ఆవులింత మింగాను. "మందు వేసుకున్నారా" అన్న మాట నాలిక చివరిదాకా వచ్చింది, దాన్నీ మింగాను.

ఆ తర్వాత జీపు కథ వచ్చింది. తహసీల్దారు దిగకముందే ఈయనకి నవ్వొచ్చేసింది. కథేమంత గొప్పగా లేదు. నువ్వు రాసినదే బాగుంది. కానీ ఆయన గట్టిగా నవ్వితే ఎడమ కన్ను పూర్తిగా మూసుకుపోతుంది. నేను అది ఎప్పుడూ చూడలేదు. నువ్వు నవంబరులోనే చూసి ఉంటావు. కళ్ళమ్మట నీళ్ళు అని రాశావు కానీ కన్ను సంగతి రాయలేదు. దాచుకున్నావు. ఆ కోపం నాకు ఇంకా పోలేదు, పోతుందనీ అనుకోను.

భాస్కర్ అన్నయ్యగారు స్కేట్స్ కొనుక్కున్నారని విన్నాను. మంచిదే. పడితే హాస్పిటల్ ఆయనదే కదా. నువ్వూ వెళ్ళి గట్టు మీద నిలబడి ఏదో ఒకటి అడుగు.

నీకు మఫ్లర్ వేరే పంపుతున్నాను. నీలం. ఈసారి ఉన్ని సరిపోయింది.

నిన్న మళ్ళీ భోజనానికి కూర్చున్నాం. ఆయన నా వైపు చూసి, నేనేమైనా అడుగుతానేమోనని కాసేపు ఆగారు. వేడినీళ్ళ సంగతి మళ్ళీ అడగలేను కదా. నాకేమీ తోచలేదు. ఆయన చెయ్యి కడుక్కోవడానికి లేచారు.

ఇంకో ప్రశ్న రాసి పంపు. ఒకటి చాలు. వెంటనే పోస్టు చెయ్యి.

విశాల